కాలు నలభై అయిదు శాతం పోతే సేద్యం ఎంత పోయినట్టు?

అద్దంకి–నార్కెట్‌పల్లి రోడ్డుకు అటూ ఇటూ పొలాలున్న రైతులకు ఈ సంగతి కొత్తగా చెప్పనక్కర్లేదు. పొలానికి పోవాలంటే ఆ రోడ్డు దాటాలి, ఇంటికి రావాలంటే మళ్ళీ దాటాలి. డొంక దారి సరాసరి వచ్చి పెద్ద రోడ్డులో కలుస్తుంది. బండ్లు, గేదెలు, మందు డబ్బాలు కట్టుకున్న ఎక్సెల్ బళ్ళు, మిరప కోతకు పోయే కూలీల ఆటోలు అన్నీ అక్కడే. లారీ మాత్రం తన వేగం తగ్గించదు.

2021 డిసెంబరులో తెల్లవారుజామున మిరపకు మందు కొట్టడానికి బయల్దేరిన మా ఊరి రైతు ఒకాయన్ని అక్కడే లారీ గుద్దింది. వయసు 42. ప్రాణం దక్కింది. ఎడమ కాలు మాత్రం తొడ దగ్గర, మోకాలి దగ్గర విరిగింది. రాడ్లు వేశారు, తీశారు, మళ్ళీ వేశారు. చివరికి కాలు రెండంగుళాలు పొట్టయింది, మోకాలు వంగడం మానేసింది. కేసు వేశాడు. ఈ మధ్యే తీర్పు వచ్చింది. అన్నీ కలిపి 2,31,200 రూపాయలు, దాని మీద వడ్డీ. ఊళ్ళో అందరూ "పోనీలేరా, వచ్చిందే పదివేలు" అన్నారు. నేను మాత్రం అనలేకపోయాను. నేను వకీలును కాను, మీలాంటి రైతునే. కాకపోతే ఊరివాళ్ళ కాగితాలు చంకలో పెట్టుకుని చాలా ఏళ్ళుగా కోర్టుల చుట్టూ తిరిగినవాణ్ణి. తీర్పు కాపీ తెప్పించి, అరుగు మీద కూర్చుని లెక్క వేసి చూశాను. ఆ లెక్కనే ఈ వారం మీ ముందు పెడుతున్నాను.

మనకు కోర్టు అనగానే ఒక సామెత గుర్తుకొస్తుంది. ఓడినవాడు కోర్టులో ఏడిస్తే గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడ్చాడని. పొలం గట్టు తగాదాలకు ఆ సామెత సరిపోతుందేమో గానీ ప్రమాద నష్టపరిహారానికి దాన్ని వాడుకోవడం వల్ల లాభపడేది అవతలివాళ్ళే. ట్రిబ్యునల్ ఇచ్చిన మొత్తం ఎక్కువనిపిస్తే బీమా కంపెనీ అప్పీలుకు పోవడానికి వెనకాడదు. తక్కువనిపించినప్పుడు మనం ఎందుకు వెనకాడాలి?

ముందు ట్రిబ్యునల్ ఎలా లెక్క కట్టిందో చూడండి. నెల ఆదాయం 6,000 అనుకున్నారు. ఏడాదికి 72,000. 42 ఏళ్ళ వయసుకు సుప్రీంకోర్టు 2009లో ఖరారు చేసిన పట్టిక ప్రకారం 14తో గుణించాలి. 10,08,000 అయింది. అందులో 15 శాతం వైకల్యం కింద 1,51,200. ఆసుపత్రి బిల్లులకు, నొప్పికి, తిండికి, రాకపోకలకు కలిపి ఇంకో 80,000. గుణకం సరిగానే వేశారు. తప్పు మిగతా రెండు అంకెల్లో ఉంది. ఆదాయం 6,000 అన్నదాంట్లో, వైకల్యం 15 శాతం అన్నదాంట్లో.

డాక్టరుగారి సర్టిఫికెట్‌లో 45 శాతం అని ఉంది. మరి 15 ఎలా అయింది? ఆ 45 శాతం ఎడమ కాలికి సంబంధించినది గానీ ఒళ్ళు మొత్తానికి కాదు, కాబట్టి మూడో వంతు తీసుకోవాలి అని బీమా కంపెనీ వకీలు వాదించాడు. ట్రిబ్యునల్ ఒప్పుకుంది. అవయవం శాతం వేరు, శరీరం మొత్తం శాతం వేరు అనేది నిజమే, దాన్ని మనం కాదనలేం. అయితే లెక్క అక్కడితో ఆగిపోకూడదు. ఇలాంటి గాయాల కేసుల్లో ఏం చూడాలో సుప్రీంకోర్టు 2010లో విడమరిచి చెప్పింది. శరీరం ఎంత పోయింది అనేది ఒక ప్రశ్న. దానివల్ల ఆ మనిషి చేసే పనిలో సంపాదన ఎంత పోయింది అనేది రెండో ప్రశ్న. డబ్బు లెక్క కట్టాల్సింది రెండో దాని మీద. ఆ తీర్పులోనే ఒక ఉదాహరణ ఉంది. ఎడమ చెయ్యి తెగిపోతే వైకల్యం దాదాపు 60 శాతం అనుకుందాం. ఆ మనిషి డ్రైవరో వడ్రంగో అయితే సంపాదన దాదాపు నూటికి నూరు పోయినట్టే. అదే సర్కారు ఆఫీసులో గుమాస్తా అయితే ఉద్యోగం పోకపోవచ్చు. గాయం ఒకటే, నష్టం వేరు.

ఇప్పుడు మన రైతు సంగతి ఆలోచించండి. మోకాలు వంగని మనిషి గొంతుక్కూర్చుని కలుపు తీయలేడు. రెండంగుళాల పొట్టి కాలితో తడిసిన గట్టు మీద నడవలేడు, నడిస్తే జారతాడు. మందు డబ్బా వీపున కట్టుకుంటే ఒక పక్కకు ఒరుగుతాడు. తైవాన్ స్ప్రేయర్ అయితే అసలు ఎత్తలేడు. ట్రాక్టరు క్లచ్చి ఎడమ కాలికింద ఉంటుంది, తొక్కలేడు. దమ్ములో దిగలేడు. రాత్రి కరెంటు వచ్చినప్పుడు లేచి మోటారు దగ్గరికి ఒంటరిగా పోలేడు. పోయినా కాలవకు అడ్డంగా మట్టి వేసి నీళ్ళు మళ్ళించలేడు. గేదె తన్నబోతే చటుక్కున తప్పుకోలేడు. ఇన్ని లేవు అన్న తర్వాత ఇంకా సేద్యంలో 85 శాతం మిగిలింది అంటే మనం ఊరుకుని వినాలా? కల్లం దగ్గర మంచం వేసుకుని కూర్చుని కూలీలను పిలవగలడు. అదొక్కటీ ఉంది.

మరి ఈ మాటలన్నీ ట్రిబ్యునల్‌కు ఎవరు చెప్పారు? ఎవరూ చెప్పలేదు. అసలు బాధ ఇక్కడుంది. డాక్టరుగారిని సాక్షిగా పిలిచారు, శాతం చెప్పించారు, పంపించేశారు. ఈయన దమ్ములో దిగగలడా, స్ప్రేయర్ మోయగలడా, గొంతుక్కూర్చోగలడా అని ఒక్క ప్రశ్న వేసి రికార్డు చేయించలేదు. వకీలుగారికి వ్యవసాయం తెలియకపోవచ్చు, మనమైనా చెప్పాలి కదా. కేసు ఇంకా ట్రిబ్యునల్‌లోనే ఉన్నవాళ్ళు ఈ పేరా ఒక్కటి కత్తిరించి వకీలుగారి చేతిలో పెట్టండి. హైకోర్టులో కొత్త సాక్ష్యం తేవడం అంత తేలిక కాదు, కింద కోర్టు రికార్డులో ఉన్నదాని మీదే చాలావరకు తీర్పు ఉంటుంది. అయినా రికార్డులో కాలు పొడవెంత, మోకాలు ఎంత వంగుతుంది, మనిషి వృత్తి ఏమిటి అన్న మూడు సంగతులూ ఉంటే అప్పీలులో వాదించుకోవడానికి ఆధారం ఉన్నట్టే. కర్ణాటకలో 2008లో ప్రమాదంలో కాలు కోల్పోయిన ఒక కూరగాయల వ్యాపారికి సంపాదన 85 శాతం పోయినట్టు సుప్రీంకోర్టు 2014లో లెక్క పెంచి కట్టింది. అతను కూడా శాతాల మీద తగ్గింపులు చవిచూసి పైకి పోయినవాడే.

పాసు పుస్తకం లేనివాడి ఆదాయం

ఇక 6,000 సంగతి. రోజుకు 200 అన్నమాట. ప్రమాదం జరిగిన 2021–22లో ఆంధ్రప్రదేశ్‌లో ఉపాధి హామీ రోజు కూలి 245 రూపాయలు. చెరువులో మట్టి తట్ట మోసినవాడికి సర్కారు ఇచ్చిన కూలికన్నా, అయిదెకరాల మిరప, పత్తి చేసి రెండు గేదెల పాలు కేంద్రానికి పోసే రైతు సంపాదన తక్కువని తేల్చారు. కారణం ఏం రాశారంటే, ఆదాయానికి రుజువు లేదు అని.

ఆ అయిదెకరాల్లో సొంతం రెండెకరాలే, మిగతా మూడూ కౌలు. సొంత రెండెకరాల పాసు పుస్తకం పెట్టారు. కౌలుకు కాగితం లేదు. నోటిమాట మీద నడిచే కౌలుకు కాగితం ఎక్కణ్ణుంచి వస్తుంది? 2019లో వచ్చిన పంట సాగుదారుల హక్కుల చట్టం కింద కౌలు రైతుకు సీసీఆర్‌సీ కార్డు ఇస్తామన్నారు, బాగానే ఉంది. భూమి యజమాని సంతకం కావాలన్న షరతు వల్ల మన ఊళ్ళలో ఎందరికి కార్డు చేతికి రాలేదో మీకు తెలుసు. బ్యాంకు లోను రాకపోవడం, పంట నష్టం రాకపోవడం మనకు అలవాటైన కష్టాలు. రోడ్డు మీద కాలు విరిగినా ఆ కాగితమే అడ్డొస్తుందని మాత్రం ఎవరం అనుకోలేదు.

అయినా సరే, కాగితం లేకపోతే ఆదాయం లేనట్టు కాదు. 2004లో బెంగళూరులో ప్రమాదానికి గురైన ఒక కూలీ తన నెల సంపాదన 4,500 అని చెప్తే ట్రిబ్యునల్ 3,000 అంది. 2011లో సుప్రీంకోర్టు ఆ రోజుల్లో కూలి రేట్లు చూసి, అతను చెప్పినదాంట్లో అతిశయోక్తి ఏమీ లేదని 4,500 ఒప్పుకుంది. కూలి చేసుకునేవాడు జీతం చీటీ తేలేడు గదా. పైన చెప్పిన కూరగాయల వ్యాపారి కేసులోనూ అంతే, కాగితాలు లేకపోయినా నెలకు 6,500 లెక్కించారు. కాబట్టి పాల కేంద్రం పుస్తకం, మార్కెట్ యార్డులో కమిషన్ కొట్టువాళ్ళిచ్చిన పట్టీలు, ఎరువుల కొట్టు బిల్లులు, ఈ-క్రాప్‌లో పేరు, ఉపాధి హామీ జాబ్ కార్డు, ఇలా ఏది ఉంటే అది ఇవ్వండి. చిత్తు కాగితమని మనం అనుకునేది కోర్టులో సాక్ష్యం అవుతుంది.

సొంత పొలం ఉన్నవాళ్ళకు ఇంకో మెలిక ఉంది. "భూమి ఎక్కడికీ పోలేదు కదా, పంట పండుతూనే ఉంది కదా, ఇక నష్టమేముంది" అని అవతలి వకీలు అడుగుతాడు. ఈ ప్రశ్నకు జవాబు కూడా సుప్రీంకోర్టే 2003లో ఒక రైతు మరణం కేసులో ఇచ్చింది. భూమి కుటుంబం దగ్గరే ఉన్నా, రైతు చేసే పనికి, అజమాయిషీకి ఇప్పుడు ఇంకొకర్ని పెట్టుకోవాలి, ఆ ఖర్చే నష్టం అని దాని సారాంశం. మా వాడు ప్రమాదం తర్వాత మూడెకరాల కౌలు వదిలేశాడు. రెండెకరాలకు జీతగాణ్ణి పెట్టుకున్నాడు. ఆ జీతగాణ్ణి గానీ, కౌలు ఇచ్చిన ఆసామిని గానీ కోర్టుకు పిలిచి ఒక్క మాట చెప్పిస్తే ఎంత బాగుండేది! ఆసామి రానన్నాడట, కౌలు ఇచ్చినట్టు ఒప్పుకుంటే పొలం పోతుందని భయం. ఆ భయం గురించి రాయాలంటే ఇంకో వారం పడుతుంది.

ఆడవాళ్ళ కేసుల్లో అన్యాయం ఇంకా ముదురుతుంది. పొద్దున మిరప కోతకు, మధ్యాహ్నం ఇంట్లో పనికి, సాయంత్రం గేదెలకు పోయే మనిషిని పిటిషన్‌లో "గృహిణి" అని ఒక్క మాటతో రాసేస్తారు. రాసేది అవతలివాళ్ళు కాదు, మన వకీలే, మనమే. ఇంటి పనికీ వెల ఉందని సుప్రీంకోర్టు 2021 జనవరిలో చెప్పింది. దేశంలో ఆడవాళ్ళు జీతం లేని ఇంటి పనికి రోజుకు సగటున 299 నిమిషాలు, మగవాళ్ళు 97 నిమిషాలు వెచ్చిస్తున్నారన్న 2019 నాటి ప్రభుత్వ సర్వేను ఆ తీర్పులో ఎత్తి చూపారు. ఇంటి పనితో పాటు కూలి పని, పాడి పని కూడా చేసేవాళ్ళు రెండూ విడివిడిగా రాయించుకోవాలి.

ఇంకొకటి. రేపు పెరిగే సంపాదనను కూడా కలపాలి. సొంత పని చేసుకునేవాళ్ళకు 40 ఏళ్ళలోపు అయితే 40 శాతం, 40 నుంచి 50 అయితే 25, 50 నుంచి 60 అయితే 10 శాతం కలపాలని సుప్రీంకోర్టు 2017లో చెప్పింది. అది చావు కేసులకే, గాయాలకు కాదు అని కొన్నాళ్ళు వాదన నడిచింది. శాశ్వత వైకల్యం ఉన్న గాయాల కేసులకూ వర్తిస్తుందని 2020లో తేల్చేశారు. మా వాడి తీర్పులో ఆ ఊసే లేదు.

ఇప్పుడు నా లెక్క. నెలకు 9,000 అనుకుందాం, అది అత్యాశ కాదని మీరూ ఒప్పుకుంటారు. 25 శాతం కలిపితే 11,250. ఏడాదికి 1,35,000. పద్నాలుగు రెట్లు 18,90,000. సంపాదన సగం పోయిందన్నా 9,45,000. వాళ్ళిచ్చింది 1,51,200. హైకోర్టు నా లెక్క అంతా ఒప్పుకుంటుందని నేను చెప్పను. సగం ఒప్పుకున్నా మూడు రెట్లు. పిటిషన్‌లో అడిగింది తక్కువే కదా, అంతకన్నా ఎక్కువ ఎలా ఇస్తారు అని కొందరు అడుగుతారు. న్యాయమైన మొత్తం అడిగినదానికన్నా ఎక్కువైనా ఇవ్వవచ్చని సుప్రీంకోర్టు 2002లోనే చెప్పింది. పెంచిన మొత్తానికి అదనపు కోర్టు ఫీజు కట్టమంటే కట్టాలి, అంతే.

తొంభై రోజులు

మోటారు వాహనాల చట్టం 173వ సెక్షన్ కింద తీర్పు తేదీ నుంచి 90 రోజుల్లో హైకోర్టుకు అప్పీలు చేసుకోవాలి. తీర్పు నకలు కోసం కోర్టులో దరఖాస్తు పెట్టిన రోజు నుంచి నకలు సిద్ధమైన రోజు వరకు పట్టిన కాలం అందులోంచి తీసేస్తారు. అందుకని తీర్పు వచ్చిన వారంలోనే నకలుకు దరఖాస్తు పెట్టండి. గడువు దాటితే ఆలస్యాన్ని మన్నించమని పిటిషన్ వేసుకోవచ్చు, తగిన కారణం ఉంటే ఒప్పుకుంటారు. కానీ పంట పనుల్లో పడి మర్చిపోయాను అంటే తగిన కారణం అనిపించుకుంటుందో లేదో న్యాయమూర్తి చేతిలో ఉంటుంది. తగాదాలో ఉన్న మొత్తం లక్ష రూపాయలకు తక్కువైతే ఇప్పుడు అప్పీలే లేదు. ఇదివరకు ఈ హద్దు పది వేలుండేది. 2019 సవరణలో లక్ష చేశారు, 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. చిన్న గాయాల పేదవాడికి ఆ తలుపు మూసేసినట్టే. ఈ సవరణ నాకు మింగుడు పడలేదు.

చాలామందికి ఒక భయం ఉంది. అప్పీలు వేస్తే ఇచ్చిన డబ్బు ఆపేస్తారని. అలాంటిదేమీ లేదు. అప్పీలు చేసేముందు కోర్టులో డబ్బు కట్టాలన్న నిబంధన పరిహారం చెల్లించాల్సినవాళ్ళకే గానీ గాయపడినవాళ్ళకు లేదు. ట్రిబ్యునల్ ఇచ్చినది దాని ఆదేశాల ప్రకారం తీసుకుంటూనే, మిగతాదాని కోసం పైకి పోవచ్చు. అవతలివాళ్ళు అప్పీలు వేయనప్పుడు, మన అప్పీలులో వచ్చినదాన్ని తగ్గించడం మామూలుగా జరగదు. బీమా కంపెనీయే ముందు అప్పీలు వేస్తే, నోటీసు అందిన నెలలోపు మనం క్రాస్ అబ్జెక్షన్స్ వేసుకోవచ్చు. అదొక రకంగా మన అప్పీలే. నోటీసు తెచ్చిన మనిషికి సంతకం పెట్టి, ఆ కాగితాన్ని చూరులో దోపి మర్చిపోయే అలవాటు మాత్రం మానుకోవాలి.

ఆలస్యం అవుతుందా అంటే అవుతుంది. ఏళ్ళు పడుతుంది. ఆ మాట దాచి మీకు ఆశ పెట్టను. కానీ పెంచిన మొత్తం మీద వడ్డీ కూడా మామూలుగా పిటిషన్ వేసిన రోజు నుంచే కలుస్తుంది.

లోక్ అదాలత్ గురించి ఒక మాట చెప్పకపోతే పాపం చేసినవాణ్ణి అవుతాను. అది మంచిదే, త్వరగా డబ్బు చేతికొస్తుంది. కానీ అక్కడ రాజీపడి సంతకం పెట్టారంటే అప్పీలు లేదు. న్యాయసేవల చట్టం 21వ సెక్షన్ ఆ సంగతి స్పష్టంగా చెప్తుంది. మా ఊళ్ళోనే ఇంకొకాయన, ఇదే రోడ్డు మీద మోచెయ్యి విరిగినవాడు, కూతురి పెళ్ళి దగ్గరపడిందని లక్షా ఇరవై వేలకు సంతకం పెట్టేశాడు. ఇప్పుడు ఆ చేత్తో పార ఎత్తలేడు. ఎవరి తప్పూ లేదు, అవసరం అలాంటిది. సంతకానికి ముందు ఎవరైనా పైన వేసినలాంటి లెక్క ఒకటి వేసి చూపించి ఉంటే అడిగే అంకె మారేది. 2022 ఏప్రిల్ తర్వాత జరిగిన ప్రమాదాలకు ఇలాంటిదే ఇంకొకటి ఉంది. 164వ సెక్షన్ కింద తప్పెవరిదని చూడకుండా తీవ్ర గాయానికి రెండున్నర లక్షలు ఇస్తారు. అది తీసుకుంటే ట్రిబ్యునల్‌లో వేసిన కేసు రద్దయిపోతుంది. సంపాదించే వయసులో కాలు పోయినవాడు ఆలోచించుకుని తీసుకోవాలి. ఆ తేదీ నుంచి జరిగిన ప్రమాదాలకు కేసు ఆరు నెలల్లోపు వేయాలన్న గడువూ వచ్చింది. దాని మీద సుప్రీంకోర్టులో పిటిషన్లు పడ్డాయి గానీ, వాటిని నమ్ముకుని కూర్చోకుండా ఆరు నెలల్లోపే వేయడం మేలు.

ఖర్చు ఎవరు పెట్టుకుంటారు అని అడుగుతున్నారా? స్త్రీలకు, ఎస్సీ ఎస్టీలకు, 40 శాతం వైకల్యం సర్టిఫికెట్ ఉన్నవాళ్ళకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో గానీ మండల కమిటీలో గానీ అడగండి, 15100 నంబరుకు ఫోను చేసినా చెప్తారు. హైకోర్టు అప్పీలుకు అక్కడే న్యాయసేవల కమిటీ ఉంది. ఆసుపత్రి మంచం దగ్గరకే వచ్చి "వచ్చినదాంట్లో నాకింత శాతం" అనే మధ్యవర్తుల చేతిలో మాత్రం పడకండి. గెలుపు మీద వాటా మాట్లాడుకోవడం వకీళ్ళకే బార్ కౌన్సిల్ నిబంధనలు ఒప్పుకోవు, మధ్యవర్తికి ఎక్కడిది?

జిల్లా న్యాయసేవాధికార సంస్థవారు ఊళ్ళలో చట్టాల మీద సదస్సులు పెడుతుంటారు. ఒక సదస్సు ఈ అప్పీళ్ళ మీద, అదీ కోతలు లేని రోజుల్లో, ఈ రోడ్డు పక్క ఊళ్ళలో పెడితే బాగుంటుంది. దానికి ఎముకల డాక్టరొకర్ని కూడా పిలవాలి. సేద్యం పనులు ఏ కీలు మీద ఆధారపడతాయో ఆయనా రైతుల దగ్గర ఒక పూట వింటే, కోర్టులో శాతం ఒక్కటే చెప్పి దిగిపోడు.

మా వాడి సంగతి చెప్పి ముగిస్తాను. నిన్నటికి తీర్పు వచ్చి 52 రోజులు. మొన్న రాత్రి వాళ్ళింటికి పోయి ఈ లెక్కంతా చెప్పాను. విని చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, "మూడేళ్ళకు పైగా తిరిగాను బాబాయ్, మళ్ళీ తిరగమంటావా? ఆ కాలే లేదు గదా తిరగడానికి" అన్నాడు. నాకు జవాబు తోచలేదు. లోపల గిన్నెలు సర్దుతున్న వాళ్ళావిడ బయటికొచ్చి, "మూడెకరాల కౌలు వదులుకున్నప్పుడు ఎవర్నీ ఒక్క మాట అడక్కుండా వదులుకున్నాం మావయ్యా, ఇదన్నా అడుగుదాం. ఆయన తిరగలేకపోతే నేను తిరుగుతా" అంది. సోమవారం పొద్దున మొదటి బస్సుకు ముగ్గురం నరసరావుపేట పోతున్నాం. తీర్పు నకలు, డాక్టరు సర్టిఫికెట్ సంచిలో పెట్టాం. పాల కేంద్రం పుస్తకం పాతది దొరకలేదంటే, వెతుకుతున్నానంది.